లోవమ్మ బుర్రలో గోదారి

బుర్ర ఉందని విర్రవీగే మనుషులను నేను బోలెడంతమందిని చూశాను. ధవళేశ్వరం కాలవ కచేరీలో కొందరు, రాజమండ్రి కోర్టు అరుగుల మీద కొందరు, నన్ను బడిలోంచి తరిమేసిన పంతులుగారు ఒకరు. వాళ్ళందరికీ ఉన్నది తలా ఒకటే. మా లంకలో లోవమ్మకి మాత్రం ఇంటి దూలాల నిండా ఉండేవి. "ఏమ్మా, నీకు బుర్ర ఉందా?" అని ఎవరైనా కోప్పడితే, "ఏ బుర్ర కావాలండీ? నిరుటిదా, మా అత్త కాలందా?" అని అడిగేది.

ఇది ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట వచ్చేసి, రాజమండ్రి దగ్గర రైలు వంతెన ఇంకా రాని రోజుల మాట. మా లంక ఆనకట్టకి దిగువన గోదారి ఒళ్ళో ఉంటుంది. మాకూ ఒడ్డుకూ మధ్య గోదారి ఒక సన్నటి పాయగా చీలి పారుతుంది. ఒడ్డు మీదివాళ్ళకి పొలాలుంటే మాకు ఆ పాయ ఉంది. అందులోనే వలలు వేస్తాం, అందులోనే పడవలు కడతాం, తగువొస్తే అందులోకే దిగి కొట్టుకుంటాం.

ముందు ఆనపబుర్ర సంగతి చెప్పాలి. మెట్ట మనుషులు కూడా చదువుతారు కదా. ఆనపకాయను కోయకుండా పాదు మీదే ముదరనిస్తే తొక్క చెక్కలాగా గట్టిపడుతుంది. లోపలి గుజ్జు ఎండిపోయి గింజలు గలగలమంటాయి. మెడ దగ్గర కన్నం చేసి ఆ గింజలు రాల్చేస్తే మిగిలేదే బుర్ర. వల పైతాడుకి వరసగా కడితే వల మునగదు. నడుముకి కట్టుకుంటే మనిషి మునగడు. ఇంతవరకూ ఏటి ఒడ్డున ఎవరింట్లో చూసినా ఉన్నదే. లోవమ్మ ఇంటి కప్పు మీద పాకిన పాదు మాత్రం వేరు. దాని బుర్రల్లో పొద్దు నిలవ ఉండేది.

నవ్వండి. మీ ఇళ్ళల్లో ఆవకాయ ఏడాది పొడుగునా నిలవ ఉంటే వింత లేదు గాని, మా లంకలో పొద్దు నిలవ ఉంటే వింతయిపోయిందా?

పని తీరు ఇలా ఉంటుంది. ఆ పాదు బుర్రను పొయ్యి పైన వేలాడదీసి బాగా పొగ పట్టించాలి. మనకు కావలసిన పొద్దు వచ్చినప్పుడు బిరడా తీసి, బుర్ర నోరు అటుకేసి తిప్పి, అన్నం ఉడికినంతసేపు కదలకుండా పట్టుకోవాలి. తరవాత బిరడా బిగించి, పడవల పగుళ్ళకు పూసే గుగ్గిలంతో మూసెయ్యాలి. ఆ కాసేపట్లో అక్కడ మోగిన చప్పుడూ, వీచిన గాలీ, వేసిన వాసనా అన్నీ అందులో చిక్కుకుంటాయి. ఎన్నేళ్ళకైనా సరే, బిరడా లాగితే ఆ పొద్దు మళ్ళీ లేచి తన మాట తను చెప్పుకుపోతుంది. అదీ ఒక్కసారే. తరవాత అది వట్టి బుర్ర. వలకి కట్టుకోవడానికే పనికొస్తుంది.

ఆ పాదు విత్తనం లోవమ్మ అత్తగారు అచ్చాయమ్మది. ఆమెకు ఆమె అత్త ఇచ్చిందట. ఆ అత్తకి ఎవరిచ్చారని అడిగితే, "మీ తాత" అని కసురుకునేది అచ్చాయమ్మ. ఆమె ఒకసారి రోహిణీ కార్తె ఎండల్లో పుష్యమాసం తెల్లవారుజాము ఒకటి విప్పింది. ఇరుగుపొరుగు దుప్పట్లు కప్పుకుని వచ్చి చుట్టూ కూర్చున్నారు. పక్కింటి మేక చలికి తట్టుకోలేక పొయ్యిలో దూరబోయింది. ఇంకోసారి చెయ్యి జారి మిట్టమధ్యాహ్నం కోడికూత బుర్ర విడిపోతే, లంకంతా మళ్ళీ తెల్లారిందనుకుని మొహాలు కడుక్కుని చద్దన్నాలకు కూర్చుంది. నేను మాత్రం కూర్చోలేదు. నేను అప్పటికింకా పుట్టలేదు.

మహాలక్ష్మమ్మ సంగతి కూడా ఇక్కడే చెప్పెయ్యాలి. ఆమె లంకలో పెద్ద ముత్తైదువ. పెళ్ళయినా చావయినా పసుపు కలిపేది ఆమే. నోరు మాత్రం మంచిది కాదు. ఆవిడ నోట్లో ఆడవాళ్ళందరికీ ఒకటే పేరు, ముండ. కూతురు గారాల ముండ, కోడలు నంగి ముండ, పాలివ్వని గేదె దొంగ ముండ. ఒకరోజు ఆమె తిడుతుంటే అచ్చాయమ్మ చప్పుడు చెయ్యకుండా ఒక బుర్ర నింపి పెట్టుకుంది. మర్నాడు ఆమె ఇంటి వెనక నిలబడి బిరడా లాగింది. ఆ తిట్లు ఎవరివో తెలియక మహాలక్ష్మమ్మ తన తిట్లకు తనే జవాబు చెబుతూ గొంతు బొంగురుపోయేదాకా పోట్లాడింది. ఓడిపోయింది కూడా.

అలాంటి ఇంటికి కోడలుగా వచ్చింది లోవమ్మ. తుని దగ్గర లోవ కొండల పిల్ల. ఆ కొండ మీది అమ్మవారి పేరే పెట్టుకున్నారు. కొండలు ఎక్కడం తెలుసు గాని ఏరంటే ఏమిటో తెలియదు. పెళ్ళయి పడవ ఎక్కిన రోజున మొగుడి మెడ పట్టుకుని లంక చేరేదాకా వదల్లేదట. మొగుడు బుల్లబ్బాయి. పేరే బుల్లి. ఆయన గొంతు విప్పితే పాయకి అటు ఒడ్డున మేస్తున్న ఆంబోతు తల ఎత్తి చూసేది. పెళ్ళాం నడుముకి బుర్రలు కట్టి పాయలోకి తోసేసి పడవలో కూర్చుని నవ్వాడు.

"మునిగిపోతే ఏం సేత్తావు?" అని అరిచింది లోవమ్మ.

"మునిగితే నన్ను తిట్టుకో."

"మునిగాక ఎట్టా తిడతాను?"

"అందుకే మునగవే. నన్ను తిట్టాలని ఉంటది కదా."

తిట్టడం కోసమే ఈత నేర్చుకుంది. ఆరు నెలలు తిరక్కుండా మొగుడి కంటే ముందు అటు ఒడ్డు తాకేది.

ఆ ఇంట్లో ఒక ఆచారం ఉండేది. ఆషాఢంలో గోదారికి ఎర్రనీరు తగిలిన రోజున, ఆ మొదటి పొంగును ఇంటి కోడలు ఒక బుర్రలో పట్టాలి. మళ్ళీ ఏడు పడవ దింపే ముందు దాన్ని పడవ ముక్కు దగ్గర విప్పాలి. నిరుటి ఏరు ఈ ఏటి ఏటికి దారి చెబుతుందని వాళ్ళ నమ్మకం. పులసలు ఆ చప్పుడు విని సముద్రంలోంచి బయలుదేరేవని మా లంకలో అందరూ చెబుతారు. పులసలు మాత్రం ఇంతవరకూ కాదనలేదు.

ఒక ఆషాఢంలో లోవమ్మ అలాగే బుర్ర పట్టుకుని పాయ గట్టున నిలబడింది. పొయ్యి మీద చేపల పులుసు ఉడుకుతోంది. ఆ ఏడు ఎర్రనీరు మెల్లగా రాలేదు. ఒక్కసారిగా గోడలాగా వచ్చింది. అవతలి ఒడ్డున భీమరాజుగారు నిలబడి గుండెలు బాదుకుంటున్నారు.

భీమరాజుగారు ఒడ్డు మీది ఊళ్ళో మోతుబరి రైతు. ఆనకట్ట కాలవ నీళ్ళతో ఆయన పొలాలు ఏడాదికేడాది పెరిగాయి. మర్యాద మనిషి. ఎద్దుని కొట్టేటప్పుడు కూడా "నడవండి, నడవండి" అనేవారు. ఆ ఎడ్లే ఆ రోజు పాయ మధ్య ఇసకదిబ్బ మీద చిక్కుకుపోయాయి.

"పాయ పొంగిందోయ్! పడవ! పడవ తేవయ్యా బుల్లబ్బాయ్!" అని అరిచారు.

బుల్లబ్బాయి మారు మాట లేకుండా పడవ విప్పాడు. లోవమ్మ బుర్ర కదపకుండానే కేకేసింది, "వచ్చెయ్ మావా! ఎడ్లకి ఈత వచ్చులే, వచ్చెయ్!"

ఆయన గొంతు నీళ్ళ మీదుగా వినిపించింది. "వత్తన్నానే లోవా! పులుసు దాకలోనే ఉంచు, సల్లారనీకు!"

లోవమ్మ ఆ మాట మీద బిరడా బిగించి, గుగ్గిలం పూసి, ఇంటికెళ్ళి పులుసు నిప్పుల మీద పెట్టి కూర్చుంది. భీమరాజుగారి ఎడ్లు సాయంత్రానికి ఈదుకుంటూ ఇల్లు చేరాయి. పడవ చాలా దిగువన బోర్లాపడి దొరికింది. బుల్లబ్బాయి దొరకలేదు.

దినాలు దాటాక మహాలక్ష్మమ్మ నలుగురు ఆడవాళ్ళను వెంటేసుకుని వచ్చింది. పని ఏమిటో అందరికీ తెలుసు. గాజులు పగలగొట్టాలి, బొట్టు తుడవాలి.

"ఎందుకొచ్చారు?" అంది లోవమ్మ.

"ఎందుకేంటే? సెయ్యి ఇటు పట్టు."

"ఆయన వత్తన్నానన్నాడు."

"ఎప్పుడన్నాడే పిచ్చిముండా?"

లోవమ్మ నడుముకి కట్టుకున్న బుర్ర మీద చెయ్యి వేసింది. "ఇందులో ఉంది. ఆ మాట ఇంకా బయటికి రాలేదు. ఆయన ఇంకా వత్తానే ఉన్నాడు. దారిలో ఉన్న మనిషి పెళ్ళానికి గాజులు తీత్తారా ఎక్కడన్నా?"

"అయితే ఇప్పు, మేమూ వింటాం."

"ఇప్పితే అయిపోద్ది. ఇప్పను."

"మొండి ముండా!" అని మహాలక్ష్మమ్మ ముందుకొచ్చింది. గుమ్మంలో అచ్చాయమ్మ తెడ్డు అడ్డం పెట్టి నిలబడింది. "నా కొడుకు పోయాడని నేనన్నానా? కన్నదాన్ని నేననంది మీరెట్టా అంటారు? ఎల్లండి."

వెళ్ళారు. వెళ్ళి ఊరుకుంటారా? లోవమ్మ ఎదురొస్తే పెళ్ళివాళ్ళు ఆగిపోయేవారు. కొందరు ఆమె చేతి చేప కొనడం మానేశారు. తుని నుంచి అన్నగారొచ్చి, "మన కులంలో తప్పేం లేదు, మారుమనువుకి మంచి సంబంధం చూశాను" అన్నాడు. "ఉన్న మొగుడు రానీ అన్నయ్యా, ఆయన్ని కూడా అడిగి చేసుకుంటాను" అంది. అన్నగారు ఆ పూట అన్నం తినకుండానే పడవెక్కాడు.

ఆమె బొట్టు పెద్దది చేసింది. గాజులు ఇంకో రెండు వేసుకుంది. మొగుడి వల తనే వేసి, బుట్ట తనే ఎత్తుకుని, ధవళేశ్వరం వీధుల్లో గాజులు గలగలమనిపిస్తూ చేపలమ్మింది. నడుముకి బుర్ర మాత్రం విడిచేది కాదు. "దూలానికి కట్టుకోవచ్చు కదే" అని ఎవరైనా అంటే, "నా మొగుడు దూలానికి వేలాడతాడేంటి? నా నడుం దగ్గరుంటాడు" అనేది. అచ్చాయమ్మ పోయేముందు ఆ బుర్రకి చెవి ఆనించి చాలాసేపు విన్నది. మూత తీయనే లేదు. "ఉన్నాడు," అని కళ్ళు మూసుకుంది.

ఇలా ఏళ్ళు గడిచాయి. ఆనకట్ట ఎగువన నీళ్ళు పట్టి కాలవలకు పంపుతూ ఉంటే, వేసవి వచ్చేసరికి మా పాయలో ఇసకే మిగిలేది. ఇసక మీద ఒండ్రు పేరుకుంది. ఒండ్రు చూస్తే భీమరాజుగారికి నిద్ర పట్టేది కాదు. ఒక వేసవిలో కాస్త పొగాకు వేశారు. ఇంకో వేసవిలో ఇంకాస్త. ఆ తరవాత పాయ మొదట్లో అడ్డంగా మట్టికట్ట పోయించారు. ఆషాఢం వచ్చింది, ఎర్రనీరు వచ్చింది, పాయలోకి మాత్రం చుక్క రాలేదు. పులస లేదు, రొయ్య లేదు. మా పడవలు ఇసకలో బోర్లా పడుకుని ఎండకు నెర్రెలిచ్చాయి. మా వాళ్ళు వెళ్ళి అడిగితే భీమరాజుగారు కుర్చీ వేయించి, మజ్జిగ ఇప్పించి, మర్యాదగా చెప్పారు, "అది పాయ ఏంటండీ? ఎప్పుడూ మెరకేనండి. మా తాతగారు దున్నిన మెరకండి అది."

సర్కారుకు కూడా అదే చెప్పుకున్నారు. మెరకని రాసిచ్చేస్తే అది ఆయన పొలం అయిపోతుంది. మా లంకవాళ్ళు బుట్టలు నెత్తిన పెట్టుకుని ఎక్కడికో పోవాలి. వైశాఖంలో తాసీల్దారుగారు స్వయంగా వచ్చి చూసి తేలుస్తామన్నారు. వైశాఖంలో ఏముంటుంది చూడ్డానికి? ఇసక, పొగాకు మోళ్ళు.

అప్పుడు లంకంతా లోవమ్మ గుమ్మం ముందుకు వచ్చింది. ముందు నిలబడింది ఎవరనుకున్నారు? మహాలక్ష్మమ్మే.

"ఎర్రనీరు పట్టిన బుర్ర నీ దగ్గరే ఉందే లోవా," అంది. తక్కిన ఏళ్ళవి పడవలు దింపినప్పుడల్లా విప్పేసినవే. కట్ట పోశాక కొత్తది పట్టడానికి నీరే లేదు. మిగిలిందల్లా ఆ నడుముకున్న ఒక్కటే.

లోవమ్మ అందరి మొహాలూ చూసింది. "ఇందులో ఏరొక్కటే లేదు."

"తెలుసే."

"ఇప్పాక నా గాజుల సంగతి?"

మహాలక్ష్మమ్మ నేల చూసింది. ఆచారం ఆచారమే అన్నట్టు ఉంది ఆ చూపు. ఏరు కావాలి, గాజులు మాత్రం మిగలవు.

"అయితే ఎల్లండి," అంది లోవమ్మ. "మొగుణ్ణి ఇచ్చి ఏరు కొనుక్కోమంటారు. ఇదివరకే ఒకసారి ఇచ్చానుగా ఆ ఏటికి."

ఆ జవాబు అక్కడితో ఆగిపోయేదే. భీమరాజుగారు తొందరపడకపోతే.

లంకవాళ్ళు బుర్ర కోసం వెళ్ళారన్న మాట ఆయన చెవిన పడింది. అది ఏ బుర్రో, ఎక్కడుంటుందో ఆయనకు తెలియదు. మర్నాడు లోవమ్మ ఊళ్ళోకి వెళ్ళిన సమయం చూసి తన పాలేరుని పంపారు. వాడు ఇంట్లో దూరి, దూలానికి ఉన్న బుర్రలన్నీ పగలగొట్టబోయి, ఒకే ఒకటి పగలగొట్టాడు. అది అచ్చాయమ్మ ఇంకెప్పుడో దాచుకున్న మహాలక్ష్మమ్మ తిట్ల బుర్ర. "దొంగముండాకొడకా, ఎవరింట్లో దూరావురా!" అని మొదలుపెట్టి ఆ తిట్లు వాడి వెంట పడ్డాయి. వాడు పరిగెడితే తిట్లూ పరిగెత్తాయి. వాడు పాయ దాటి, పొగాకు మోళ్ళు దాటి, భీమరాజుగారి వాకిట్లోకి వెళ్ళి పడేదాకా లంకా ఊరూ కలిసి విన్నాయి.

లోవమ్మ వచ్చి పగిలిన పెంకులు ఏరి పారేసింది. తరవాత మహాలక్ష్మమ్మ ఇంటికి వెళ్ళింది.

"ఆ రాజుగారు భయపడ్డారు," అంది. "ఎందుకు భయపడ్డారో తెలుసా? ఇందులో మా ఆయన మాటొకటే లేదు. ఆ రాజుగారి మాట కూడా ఉంది. అది ఆయనకింకా గుర్తుంది."

"అయితే?"

"అయితే ఇప్పుతాను. నీకోసం కాదు. ఎడ్లు ఇంటికి చేరాయి. మా ఆయన చేరలేదు. మా ఆయన పడవేసుకెళ్ళిన చోట ఏరే లేదంటాడా ఆ రాజు?"

తాసీల్దారుగారు వచ్చిన రోజున మట్టికట్టకి దగ్గరలో, పాయ మధ్య ఇసకలో కుర్చీ వేశారు. పైన గొడుగు పట్టారు. పక్కన భీమరాజుగారు పట్టుపంచె కట్టుకుని నిలబడ్డారు. లంకవాళ్ళంతా ఒక వారగా, ఊరివాళ్ళు ఇంకో వారగా. ఎండ ఎలా ఉందంటే ఇసకలో వేసిన చేప వేగి దానంతటదే తిరగబడేది.

"లంకవాళ్ళ తరఫున ఎవరు మాట్లాడతారు?" అన్నారు తాసీల్దారుగారు.

మగవాళ్ళు ఒకరి వెనక ఒకరు దాక్కున్నారు. లోవమ్మ ముందుకొచ్చింది. కొత్త గాజులు వేసుకుంది.

"నువ్వెవరమ్మా?"

"బుల్లబ్బాయి పెళ్ళాన్నండి."

భీమరాజుగారు జాలిగా నవ్వారు. "పాపం, మతి సరిగా లేదండి. ఆ బుల్లబ్బాయి పోయి చాలా ఏళ్ళయిందండి."

"ఎక్కడ పోయాడండీ?" అంది లోవమ్మ.

"ఏంటమ్మా?"

"పోయాడన్నారు కదండీ. ఎక్కడ పోయాడో సెప్పండి."

"ఏట్లో పోయాడమ్మా, అందరికీ తెలిసిందే కదా."

"ఏ ఏట్లో అండీ?"

భీమరాజుగారి మొహంలో నవ్వు కాస్త వాడింది. కాళ్ళ కింద ఇసక చూశారు. "పెద్ద గోదాట్లోనమ్మా. అదిగో, అవతల."

"ఇక్కడ కాదా అండీ?"

"ఇక్కడ ఏరేదమ్మా పోవడానికి?"

"ఆయ్," అంది లోవమ్మ. నడుము దగ్గర ముడి విప్పి బుర్ర చేతిలోకి తీసుకుంది. చేపల కత్తితో గుగ్గిలం చెక్కేసింది. బిరడా మీద వేళ్ళు వేసి ఒక క్షణం ఆగింది. ఆ ఒక్క క్షణమే ఆమె మొహం ఎలా ఉందో ఎవరూ చెప్పలేరు, తల వంచుకుంది. తరవాత బిరడా లాగింది.

ముందు గాలి వచ్చింది. ఆషాఢం గాలి, తడిగాలి, ఎర్రమట్టి వాసన గాలి. గొడుగు ఎగిరిపోయింది. ఆ వెనకే చప్పుడు. అది వినని వాళ్ళకి ఎలా చెప్పను? వెయ్యి బండ్లు ఒకేసారి వంతెన మీద దొర్లినట్టు, ఆ వంతెన కూడా మీ మీదే కూలినట్టు. పాయ మొదట్నుంచి దొర్లుకుంటూ వచ్చింది. ఊరివాళ్ళు ఒక గట్టెక్కారు, లంకవాళ్ళు ఒక గట్టెక్కారు. తాసీల్దారుగారు ఏ గట్టో చూసుకోకుండా ఎక్కారు. కుర్చీ ఒక్కటే ధైర్యంగా నిలబడింది.

భీమరాజుగారు పట్టుపంచె పిడికిట్లో పట్టుకుని తను పోయించిన మట్టికట్ట మీదికి ఎగబాకి, ఇటు తిరిగి, ఎండిన పాయకేసి చెయ్యి చాచి గొంతు చించుకుని అరిచారు, "పాయ పొంగిందోయ్! పడవ! పడవ తేవయ్యా బుల్లబ్బాయ్!"

సరిగ్గా అప్పుడే బుర్రలోంచి అదే గొంతు, కాస్త పడుచుగా, అదే మాట అరిచింది. "పాయ పొంగిందోయ్! పడవ! పడవ తేవయ్యా బుల్లబ్బాయ్!" అక్షరం తేడా లేదు. ఇద్దరు భీమరాజులు కలిసి ఒకే భజన పాడినట్టుంది. కట్ట మీది భీమరాజుగారు తన గొంతు తను విని నోరు తెరిచినట్టే ఉండిపోయారు.

ఆ వెనకే "వచ్చెయ్ మావా!" అని పడుచు లోవమ్మ కేక. అప్పుడు వినిపించింది ఇంకో గొంతు. అటు ఒడ్డున మేస్తున్న పశువులు తలెత్తాయి.

"వత్తన్నానే లోవా! పులుసు దాకలోనే ఉంచు, సల్లారనీకు!"

పాయలో ఒక్క లోవమ్మే ఉంది. పరిగెత్తలేదు. ఇసకలో కాళ్ళు పాతుకుని, బుర్ర రెండు చేతులా పట్టుకుని నిలబడింది. ఆ రోజు గట్టు మీంచి ఆమెకు జవాబు చెప్పే వ్యవధి దొరకలేదు. ఈ రోజు దొరికింది.

"పొయ్యి మీదే ఉంది మావా," అంది. "రా."

గాలి ఆగిపోయింది. ఎండ మళ్ళీ వచ్చి ఇసక మీద కూర్చుంది. ఎక్కడా తడి లేదు. తాసీల్దారుగారి చెప్పులు రెండూ తడిసిపోయాయని కొందరంటారు. నేనంత అబద్ధం ఆడను. ఒక చెప్పే తడిసింది.

ఆయన తలపాగా సర్దుకుని, మెల్లగా కట్ట దగ్గరికి నడిచి, పైకి చూసి అడిగారు, "భీమరాజుగారూ, మీ తాతగారు దున్నిన మెరక మీదికి పడవ ఎందుకు తెమ్మన్నారండీ?"

భీమరాజుగారు జవాబు చెప్పలేదు. మర్యాద మనిషి కదా, పెద్దవాళ్ళ ముందు ఎక్కువ మాట్లాడరు.

ఆషాఢం లోపల కట్ట కొట్టెయ్యాలని హుకుం అయింది. లంకంతా కేకలు, ఈలలు. ఆ గోలలో లోవమ్మ ఇంటికి ఎప్పుడు వెళ్ళిందో ఎవరూ చూడలేదు.

పొద్దు వాలేవేళకి మహాలక్ష్మమ్మ ఆడవాళ్ళను వెంటేసుకుని వచ్చింది. ఈసారి మెల్లగా వచ్చింది. లోవమ్మ పొయ్యి ముందు కూర్చుని ఉంది. దాకలో పులుసు కుతకుతలాడుతోంది. వట్టి బుర్ర పక్కన పడి ఉంది.

"లోవా," అంది మహాలక్ష్మమ్మ. "లంకని నిలబెట్టావే. కాదనను. కానీ ఇప్పేసావు కదా. ఆ మాట అయిపోయింది కదా."

"అయిపోయింది."

"మరి సెయ్యి ఇటు పట్టు తల్లీ. మాకు మాత్రం సరదానా?"

లోవమ్మ గరిటె దాకలో ఉంచి ఇటు తిరిగింది. "నువ్వు ఇన్నావా లేదా, ఇవాళ?"

"ఇన్నాను."

"ఏమన్నాడు?"

"వత్తన్నానన్నాడు."

"ఇని ఏం సేసావు?"

మహాలక్ష్మమ్మ ఇబ్బందిగా కదిలింది. "గట్టెక్కాను."

"నువ్వొక్కదానివేనా? ఊరు ఊరంతా ఎక్కింది. తాసీల్దారుగారు ఎక్కారు. రాజుగారు పడవ తెమ్మని పేరెట్టి పిలిసారు. రానివాణ్ణి పేరెట్టి పిలుత్తారా? లేనివాడికి భయపడి గట్టెక్కుతారా? వత్తన్నానన్న మాట అయిపోయింది. ఎందుకైపోయింది? వచ్చేసాడు కాబట్టి." రెండు చేతులూ ఎత్తి ఆమె మొహం ముందు గాజులు గలగలమనిపించింది. "దారిలో ఉన్నవాడి పెళ్ళానికి తియ్యలేకపోయారు. ఇంటికొచ్చినవాడి పెళ్ళానికి తీత్తారా? తియ్యి చూద్దాం."

నలుగురు ఆడవాళ్ళూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మహాలక్ష్మమ్మ నోరు అలవాటుగా తెరుచుకుంది. "మొండి ము..." అని ఆగిపోయింది. ఇంత వయసులో ఎన్నడూ ఆగని నోరు ఆ మాట సగంలో ఆగింది. ఆ మాటకి మొగుడు లేనిదని ఒక అర్థం ఉందని అప్పుడే గుర్తొచ్చినట్టు, మిగతా సగం మింగేసి పొయ్యి పక్కన చతికిలబడింది.

"పులుసు పొయ్యవే," అంది. "సల్లారిపోతది."

ఆషాఢంలో కట్ట తెగింది. ఎర్రనీరు మా పాయలోకి వచ్చింది. లోవమ్మ ఆ వట్టి బుర్రను వల పైతాడుకి నట్టనడుమ కట్టింది. ఆ ఏడు ఆ వలలో పడిన పులసల లెక్క చెబితే మీరు ఈ పుస్తకం మూసేస్తారు, అందుకని చెప్పను. భీమరాజుగారు ఆ పాయ దాటవలసి వస్తే చుట్టు తిరిగి వెళ్ళేవారు. పడవవాణ్ణి పిలవడానికి ఆయనకు నోరు వచ్చేది కాదు.

లోవమ్మ ఆ తరవాత చాలాకాలం బతికింది. రాజమండ్రి దగ్గర వంతెన స్తంభాలు లేస్తున్న రోజుల్లో, వల బాగుచేసుకుంటూ, వల ఒళ్ళో ఉండగానే పోయింది. అప్పటికి మహాలక్ష్మమ్మకి చూపు లేదు, నడుము వంగిపోయింది. ఎవరో చెయ్యి పట్టుకుని తీసుకొచ్చారు. పసుపు కలిపే పని మాత్రం ఇంకొకరిని చెయ్యనివ్వలేదు. వరసలో కొత్తగా వచ్చిన కోడలొకతె, "మొగుడు పోయి అన్నేళ్ళయిందంట కదా, పసుపు రాయొచ్చా?" అని గొణిగితే ఆమెకు ఎలాంటి పేరు తగిలించిందో నేను రాయను.

తడుముకుంటూ కాళ్ళకి పసుపు రాసింది. తడుముకుంటూ మొహం వెతికి నుదుట బొట్టు పెట్టింది, రూపాయంత. చేతులు పట్టుకుని గాజులు లెక్కబెట్టినట్టు ఒక్కొక్కటే జరిపి చూసుకుంది. అన్నీ ఉన్నాయి.

"మొండి ము..." అని ఏళ్ళ కిందట మింగేసిన దాన్ని మళ్ళీ మొదలుపెట్టింది.

"...త్తైదువా," అని పూర్తి చేసింది.